ఎల్.పి.సి. రాని నెలలు

1983లో నేను ఉద్యోగంలో చేరినప్పుడు నాకు మొదట ఇచ్చిన సీటు జీతాల బిల్లులది. హనుమకొండలో ఒక ప్రభుత్వ కార్యాలయం. ఆ ఏడాదే రాష్ట్ర ప్రభుత్వం పదవీ విరమణ వయసును 58 నుంచి 55 ఏళ్లకు తగ్గించింది. ఏళ్ల తరబడి బిల్లులు రాసి ఆరితేరిన పెద్దవాళ్లు ఒక్కసారిగా ఇళ్లకు వెళ్లిపోయారు. ఖాళీ కుర్చీల మధ్య మాలాంటి కుర్రాళ్లం మిగిలాం. మాకు పని నేర్పడానికి ఉన్నది ఒక్క హెడ్ క్లర్కు. పరకాల వైపు మనిషి. నన్ను పేరు పెట్టి ఎప్పుడూ పిలవలేదు, "తమ్మీ" అనేవారు.

బిల్లు ఫారం నా చేతికివ్వక ముందే ఆయన ఒక మాట చెప్పారు. "తమ్మీ, బదిలీ అయి పోయే మనిషికి దండ వేయకపోయినా ఏమీ కాదు. ఎల్.పి.సి. మాత్రం చేతిలో పెట్టి పంపాలి. అది లేకుండా పంపితే కొత్త ఊళ్లో ఆయన పిల్లల కంచం దగ్గర మనం కూర్చున్నట్టే."

అప్పుడు తలూపాను. ఆ మాట బరువు నా మీదికి వచ్చిన రోజున తెలిసింది.

ఉద్యోగుల ఇళ్లలో పెరిగినవాళ్లకు ఎల్.పి.సి. గురించి చెప్పనక్కర లేదు. మిగతావారి కోసం చెబుతున్నాను. లాస్ట్ పే సర్టిఫికెట్, చివరి వేతన ధ్రువపత్రం. ఒకే ఒక్క కాగితం. మూల వేతనం ఎంత, కరువు భత్యం ఎంత, ఇంటి అద్దె భత్యం ఎంత, ఏ తేదీ వరకు జీతం చెల్లించారు, తరువాతి ఇంక్రిమెంటు ఎప్పుడు, జి.పి.ఎఫ్. (భవిష్య నిధి) ఖాతా నంబరు ఏమిటి, పండుగ అడ్వాన్సులో ఇంకా ఎన్ని వాయిదాలు మిగిలాయి, సొసైటీ అప్పు ఎంత తీరింది, నిజాం కాలంలో 1907లో మొదలై ఇప్పటికీ నడుస్తున్న ప్రభుత్వ జీవిత బీమాకు నెలనెలా ఎంత కడుతున్నారు, ఇవన్నీ అందులో ఉంటాయి. కింద ట్రెజరీ నుంచి జీతాలు డ్రా చేసే అధికారి, అంటే డ్రాయింగ్ అధికారి సంతకం, గుండ్రటి ముద్ర. పాత కార్యాలయం ఆ కాగితం ఇస్తేనే కొత్త కార్యాలయం జీతం బిల్లు పెట్టగలదు, ట్రెజరీ దాన్ని పాస్ చేస్తుంది.

ఆ నిబంధనను నేను ఏనాడూ తప్పుపట్టలేదు. ఒకే మనిషి రెండు చోట్ల జీతం తీసుకోకుండా కాపాడేది అదే. ప్రజల సొమ్ముకు ఆ మాత్రం కట్టడి ఉండాలి. నా బాధంతా ఆ కాగితం రాసి ఇవ్వవలసిన చేతుల గురించి. పావుగంట పని అది. ఆ పావుగంట కేటాయించే మనసు లేక ఎన్ని ఇళ్లు నెలల తరబడి అప్పుల పాలయ్యాయో బిల్లుల సీట్లో కూర్చున్న ప్రతివాడికీ తెలుసు.

ఆ రోజుల్లో జీతం నగదుగానే వచ్చేది. నెల 20 దాటగానే బిల్లులు సబ్ ట్రెజరీకి వెళ్లాలి. ఎక్కడ ఒక అంకె తేడా వచ్చినా అభ్యంతరం చీటీ గుచ్చి వెనక్కి పంపేవారు. ఒకటో తేదీన క్యాషియరు, అటెండరు కలిసి బ్యాంకు నుంచి గుడ్డ సంచిలో డబ్బు తెచ్చేవారు. అక్విటెన్స్ రిజిస్టరులో ఎవరి పేరు ఎదుట వాళ్లు రెవెన్యూ స్టాంపు అంటించి, దాని మీద అడ్డంగా సంతకం పెట్టి, నోట్లు రెండుసార్లు లెక్కపెట్టుకుని జేబులో వేసుకునేవారు. ఆ గంటసేపు ఆఫీసులో పెళ్లింటి సందడి. కొత్తగా బదిలీ మీద వచ్చి, ఇంకా ఎల్.పి.సి. అందనివాళ్లు మాత్రం ఆ గంటలో కనిపించేవారు కాదు. ఏదో ఫైలు పట్టుకుని కలెక్టరేటుకో, పోస్టాఫీసుకో వెళ్లేవారు. రిజిస్టరులో తమ పేరు లేదని నలుగురి మధ్య తెలియడం ఎవరికి ఇష్టం? నేను బిల్లులు రాస్తూ ఆ కుర్చీల వంక చూసేవాణ్ణి. కొన్నాళ్లకు నేనూ అలాంటి కుర్చీలో కూర్చున్నాను.

1991 జూన్‌లో నాకు సీనియర్ అసిస్టెంటుగా పదోన్నతి వచ్చింది. అప్పటికి జిల్లాలోనే ఒక చిన్న పట్టణంలో పని చేస్తున్నాను. 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం ఎల్.డి.సి., అంటే కింది స్థాయి గుమాస్తా పోస్టులు జిల్లా కేడరు. దానికి పైన ఉన్న నాన్ గెజిటెడ్ పోస్టులు చాలావరకు జోనల్. మాది ఐదో జోను, అంటే ఆదిలాబాద్, కరీంనగర్, వరంగల్, ఖమ్మం జిల్లాలు. పదోన్నతి తీసుకుంటే ఇటు గోదావరి ఒడ్డు నుంచి అటు పెన్‌గంగ ఒడ్డు దాకా ఎక్కడికైనా వెళ్లాలి. నాకు కాగజ్‌నగర్ వచ్చింది. పిల్లల చదువు, బాపు ఆరోగ్యం చూసుకుని కుటుంబాన్ని హనుమకొండలోనే ఉంచాలని నిర్ణయించుకున్నాం.

కాజీపేటలో రైలెక్కితే జమ్మికుంట, పెద్దపల్లి, రామగుండం, మంచిర్యాల, బెల్లంపల్లి దాటి కాగజ్‌నగర్. స్టేషన్‌లో దిగకముందే పేపర్ మిల్లు వాసన ముక్కుకు తగిలేది. వెదురు ఉడికిన ఘాటు. వారం రోజుల్లో ఆ వాసన తెలియకుండా పోయింది. మిల్లు సైరనును బట్టి ఊరంతా గడియారాలు సరిచేసుకునేది. మనుషులు మంచివాళ్లు. మరాఠీ, హిందీ, తెలుగు కలగలిసిన బజారు. అక్కడి ఆఫీసులో నన్ను కొత్తవాడిగా చూసినవాళ్లు ఒక్కరూ లేరు.

పాత ఊళ్లో నన్ను జూన్ 15 మధ్యాహ్నం తరువాత రిలీవ్ చేశారు. ఇచ్చిన జాయినింగ్ టైమ్ వాడుకుని 24 ఉదయం కాగజ్‌నగర్‌లో చేరాను. ఎల్.పి.సి. అడిగితే "మీరు నడవండి, వెనకే పోస్టులో పంపుతాం" అన్నారు. ఆ వారంలోనే నన్ను రిలీవ్ చేసిన అధికారికీ బదిలీ అయింది. ఆయన స్థానంలో ఇన్‌ఛార్జిగా వచ్చిన అధికారి నమూనా సంతకాలు ట్రెజరీకి చేరలేదు. నమూనా సంతకం లేని అధికారి పెట్టిన సంతకానికి ట్రెజరీలో విలువ లేదు. పైగా నేను అప్పగించిన వస్తువుల జాబితా, అంటే ఛార్జి లిస్టులో ఒక ఇనుప బీరువా రెండో తాళం చెవి లేదని రాశారు. ఆ రెండో చెవి నేను చేరిన నాటికే లేదు, నేను తీసుకున్న ఛార్జి లిస్టులోనూ ఆ మాట ఉంది. అయినా ఆ తాళం చెవి చుట్టూ జూలై గడిచిపోయింది. కాగజ్‌నగర్ నుంచి మా అధికారి ఉత్తరం రాశారు, తరువాత రిమైండరు, తరువాత ఆ అధికారి పేరు మీదే డి.ఓ. లేఖ. జవాబు లేదు.

ఆగస్టు చివర ఎల్.పి.సి. వచ్చింది. ఆ కవరు చూసి ఆఫీసు మొత్తం సంతోషించింది. బిల్లుల సీట్లో ఒక అక్కయ్య ఉండేవారు. ఆమె కళ్లద్దాలు సవరించుకుని పై నుంచి కింది దాకా ఒక్కో గడి వేలితో చూసుకుంటూ వచ్చి ఒక చోట ఆగారు. "జీతం 14-6-91 వరకు చెల్లించడమైనది" అని ఉంది. నా రిలీవింగ్ ఉత్తర్వులో మాత్రం "15-6-91 అపరాహ్నం" అని స్పష్టంగా ఉంది.

ఉద్యోగి జీవితంలో పూర్వాహ్నం, అపరాహ్నం అన్న ఆ రెండు మాటలకు ఉన్న బలం బయటివారికి తెలియదు. 15న మధ్యాహ్నం తరువాత రిలీవ్ అయితే ఆ రోజు మొత్తం పాత కొలువు కిందే లెక్క. జాయినింగ్ టైమ్ 16 నుంచి మొదలవుతుంది, ఆ రోజుల జీతం కొత్త కార్యాలయం పద్దులో పడుతుంది. మరి 15వ తేదీ ఎవరిది? పాత కార్యాలయం చెల్లించలేదు. చెల్లించలేదన్న మాట కూడా రాయలేదు. అక్కయ్య అయినా ధైర్యం చేసి బిల్లు పెట్టారు. ఉత్తర్వుకూ ఎల్.పి.సి.కీ తేదీ పొసగడం లేదని ట్రెజరీ మొత్తం బిల్లు తిప్పి పంపింది.

ఆఫీసులో చాలామంది మంచి మనసుతోనే ఒక సలహా ఇచ్చారు. "ఒక్క రోజు జీతమే కదా అన్నా, నాకు అక్కర లేదని రాసివ్వు, మిగతా రెండున్నర నెలలది వస్తుంది." నేను ఒప్పుకోలేదు. ఆ రోజు నేను పని చేశాను. మధ్యాహ్నం దాకా కూర్చుని ఛార్జి ఇచ్చి, సంతకాలు చేసి వచ్చాను. డబ్బు మాట అలా ఉంచినా, లెక్కలోకి రాని ఆ ఒక్క రోజు సర్వీసు రిజిస్టరులో ఖాళీగా మిగిలితే రేపు పింఛను కాగితాలు తయారయ్యే వేళ ఎవరో ఒకరు దాన్ని సర్వీసులో బ్రేకు అంటారు. బిల్లుల సీట్లో పని చేసినవాణ్ణి, అలాంటి ఖాళీ తేదీలు పట్టుకుని పెద్దవాళ్లు పదవీ విరమణ తరువాత ఆఫీసుల చుట్టూ తిరగడం చూశాను. ఇప్పటి పిల్లలకు కూడా ఇదే చెబుతాను. ఒక్క రోజే కదా అని ఎవరన్నా వదులుకోవద్దు.

ఆ నెలల్లో ఇల్లు ఎలా గడిచిందో రాయాలి. నేను ప్రతి నెలా మూడు, నాలుగు తేదీల్లో హనుమకొండకు మనియార్డరు చేస్తానని చెప్పి వచ్చాను. జూలైలో చేయలేదు. ఆగస్టులో చేయలేదు. నా భార్య ఇన్‌లాండ్ లెటర్ రాసింది. ఒక మూల నుంచి ఇంకో మూలకు చిన్న అక్షరాలు, మడత మీద కూడా రాసింది. "పెద్దవాడి ఫీజు వచ్చే నెల కట్టవచ్చని హెడ్మాస్టరు గారు ఒప్పుకున్నారు. బాపు మందులు తెచ్చాను. సేటు ఏమీ అనలేదు, బియ్యం కూడా ఇచ్చాడు. మీరు అక్కడ అప్పు చేసి పంపవద్దు. అన్నం వేళకు తినండి." ఎక్కడా జీతం ఎప్పుడు వస్తుందని అడగలేదు. అడిగి ఉంటే కొంచెం తేలికగా ఉండేదేమో.

ఆ సేటు మా వీధి చివర కిరాణా దుకాణం ఆయన. ఎర్ర అట్ట ఉద్దెర పుస్తకంలో మా పేరుకు ఒక పేజీ ఉండేది. ఆ ఏడాది అది నాలుగు పేజీలైంది. మా వీధిలో సగం ఇళ్లు ఉద్యోగులవే. ఎవరికి బదిలీ అయిందో, ఎవరి జీతం ఎందుకు ఆగిందో ఆయనకు మాకంటే ముందు తెలిసేది. "పిల్లలను పంపమ్మా, నువ్వు రావద్దు" అని నా భార్యతో అన్నాడట. నలుగురిలో నిలబడి ఉద్దెర అడిగే ఇబ్బంది ఆమెకు కలగకూడదని. వరంగల్ వైపు ప్రభుత్వ ఉద్యోగుల కుటుంబాలు బదిలీల కాలాన్ని ఎలా దాటాయని ఎవరన్నా అడిగితే నేను అలాంటి దుకాణాల పేరే చెబుతాను.

కాగజ్‌నగర్‌లో నన్ను చూసుకున్నది మా అటెండరు. తన ఇంటి పక్క గది ఇప్పించి, "కిరాయి జీతం వచ్చాకనే సార్, నేను మాట్లాడాను" అన్నాడు. ఆదివారాలు వాళ్ల ఇంట్లో జొన్న రొట్టె తిన్నాను. ఆయన జీతం నా జీతంలో సగం కూడా ఉండదు.

సెప్టెంబరులో అక్కయ్య నన్ను పిలిచి, ఉత్తరాలు ఇక చాలన్నారు. "మీరే వెళ్లండి. జూన్ బిల్లు ఆఫీసు కాపీ తీయించండి. 15వ తేదీ డ్రా కాలేదని అందులో తేలుతుంది. ఆ మాట ఎల్.పి.సి. మీదే రాయించి, తేదీ వేసి సంతకం తీసుకురండి." ఏమేం రాయించాలో ఒక చీటీ మీద రాసిచ్చారు. సెలవు పెట్టి హనుమకొండ వచ్చాను. అప్పటికి మా పాత హెడ్ క్లర్కు ఉద్యోగం ముగించి ఇంటి దగ్గరే ఉన్నారు. విషయం విని, చెప్పులు వేసుకుని "పద తమ్మీ" అన్నారు. పదవిలో లేని పెద్దమనిషి, ఎవరికీ బాకీ లేని మనిషి, నా కోసం ఆర్టీసీ బస్సులో నిలబడి వచ్చారు.

అక్కడ ఇన్‌ఛార్జి అధికారి మమ్మల్ని కూర్చోమన్నారు. తాను చేరిన నాటి నుంచి రోజుకో సమావేశం ఉందని, తన కింద బిల్లులు తెలిసినవారు లేరని చెప్పారు. అబద్ధం చెప్పారని నేను అనను. పెద్దాయన ఆయన మాట పూర్తయ్యేదాకా విన్నారు. "సార్, ఈ పిల్లవాడి జీతం మీరు ఇచ్చేది కాదు, సర్కారు ఇచ్చేది. మీరు దారి ఇస్తే చాలు. ఫారం ఇప్పించండి, నేను రాస్తాను, మీరు సరిచూసి సంతకం చేయండి." జూన్ బిల్లు ఆఫీసు కాపీ దొరకడానికే గంట పట్టింది. దారంతో కుట్టిన కట్టలో, జంపఖానా కింద ఉంది. ఆయన దాన్ని పక్కన పెట్టుకుని, నీలం సిరాతో, తొందర లేకుండా, ఒక్కో గడి నింపారు. చివర ఒక వాక్యం రాశారు. 15-6-91 నాటి వేతనం ఈ కార్యాలయంలో డ్రా చేయలేదు, ఇకపై చేయబోము. ఎల్.పి.సి. చెల్లుబాటు అయ్యేది ఆ ఒక్క వాక్యంతోనే. తరువాత అధికారి చేత నమూనా సంతకాల కాగితాల మీద కూడా సంతకాలు పెట్టించి, ట్రెజరీకి అప్పటికప్పుడు మనిషిని పంపించారు. "ఇంక ఈ ఆఫీసులో ఎవరి జీతమూ ఆగదు సార్" అని నమస్కారం పెట్టి లేచారు. ఆ అధికారి లేచి నిలబడి మమ్మల్ని గుమ్మం దాకా సాగనంపారు.

దసరాకు ముందు నా డబ్బు వచ్చింది, 15వ తేదీ జీతంతో సహా. ఆ ఏడు మా ఇంట్లో బతుకమ్మ బాగా జరిగింది. సేటు పుస్తకంలో నాలుగు పేజీలకూ అడ్డంగా గీత కొట్టించుకున్నాను. వడ్డీ మాట ఆయన ఎత్తలేదు.

జీతం వచ్చినా పదోన్నతి వేతన స్థిరీకరణ, అంటే కొత్త పోస్టులో మూల వేతనం ఎంతో తేల్చడం మాత్రం అంత తొందరగా కాలేదు. ఎఫ్.ఆర్. (ఫండమెంటల్ రూల్స్) 22-బి కింద ఆ వేతనం పదోన్నతి తేదీ నుంచా, తరువాతి ఇంక్రిమెంటు తేదీ నుంచా అన్నది ఎంచుకుని నెలలోపు ఆప్షన్ ఇవ్వాలి. నేను గడువులోపే ఇచ్చాను. కానీ స్థిరీకరణ చేయాలంటే సర్వీసు రిజిస్టరు కావాలి. అది పాత ఊళ్లోనే ఉండిపోయింది. రిజిస్టర్డ్ పోస్టులో వచ్చేసరికి మరుసటి ఏడాది అయింది.

ఎల్.పి.సి. గొడవలు ఒక రకం. ఇంటి అద్దె భత్యం గొడవలు ఇంకో రకం, వాటిలో మనుషుల మధ్య మనసులు కూడా విరిగేవి. నా స్నేహితుడు ఒకరు హనుమకొండ దాటిన ఒక పల్లెలో ఉపాధ్యాయుడు. నగర పరిమితి నుంచి 8 కిలోమీటర్లలోపు ఉన్న చోట పని చేసేవారికి నగరం రేటు అద్దె భత్యం ఇవ్వవచ్చన్న నిబంధన అప్పట్లో ఉంది. పాత ప్రధానోపాధ్యాయుడు ఆ రేటే ఇచ్చారు. ఆయన బదిలీ అయ్యాక వచ్చినవారు బడి 8 కిలోమీటర్లకు అవతల ఉందని లెక్క తీసి, భత్యం తగ్గించడమే గాక ఇచ్చిందంతా రికవరీ చేయమన్నారు. ఎక్కడి నుంచి కొలవాలి? నగర పరిమితి చివరి రాయి నుంచా, చౌరస్తా నుంచా? రోడ్డు వెంబడా, నేరుగానా? ఉపాధ్యాయులంతా చందాలు వేసుకుని, దరఖాస్తు పెట్టి, రోడ్లు భవనాల శాఖ ఇంజనీరు చేత దూరం ధ్రువపత్రం తెప్పించారు. టేపుతో కొలిచిన రోజు నేనూ వెళ్లాను. పొలాల మధ్య ఆ మనుషులు టేపు పట్టుకుని వంగి నడుస్తుంటే ఊరి రైతులు రోడ్డు వెడల్పు చేస్తారనుకున్నారు. కొలత బడి గేటు దాటి కొంచెం ముందుకు వెళ్లాకే 8 కిలోమీటర్లు పూర్తయింది. కోసిన డబ్బు వాయిదాల మీద తిరిగి వచ్చింది గానీ, ఆ ప్రధానోపాధ్యాయుడితో బడిలో ఎవరూ మునుపటిలా మాట్లాడలేదు. నా దృష్టిలో ఆయనా చెడ్డవాడు కాదు. ఆడిట్‌లో తన జీతం నుంచి పట్టుకుంటారేమోనన్న భయంతోనే అలా చేశారు. నిబంధన అటూ ఇటూ లాగడానికి వీలుగా ఉంటే నలిగేది మధ్యలో ఉన్న మనుషులే.

తిరిగి వరంగల్ వచ్చి సూపరింటెండెంటునయ్యాక నా విభాగంలో ఒక పద్ధతి పెట్టాను. రిలీవ్ చేసే ఉత్తర్వు, ఎల్.పి.సి. ఒకే ఫైలులో అధికారి ముందుకు వెళ్లాలి. ఒకటి ఉండి ఇంకొకటి లేకపోతే ఫైలు నా బల్ల దాటదు. ఎల్.పి.సి. ఒక ప్రతి ఉద్యోగి చేతికి, ఒక ప్రతి పోస్టులో. సర్వీసు రిజిస్టరులో రిలీవ్ తేదీ, పూటతో సహా ఆ రోజే రాసి సంతకం చేయించడం. ఏటూరునాగారం బదిలీ అయిన ఒక జూనియర్ అసిస్టెంటు అమ్మాయి ఆ కవరు అందుకుని, "సార్, ఇది తరువాత పంపుతారు కదా, ఇప్పుడే ఇస్తున్నారా?" అని అడిగింది. ఆమె అలా అడగవలసి రావడం నాకు చాలా కష్టమనిపించింది. అది ఆమె హక్కు. ఎవరో దయతలచి ఇచ్చేది అనుకునేలా ఆ పిల్లను అంతకుముందు ఆఫీసులు తయారు చేశాయి.

2016 దసరా రోజున, అక్టోబరు 11న, కొత్త జిల్లాలు వచ్చాయి. మా ఉమ్మడి వరంగల్ ఐదు ముక్కలైంది. వరంగల్ అర్బన్, వరంగల్ రూరల్, జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి. ఆర్డర్ టు సర్వ్ అని, ప్రస్తుతానికి ఫలానా చోట పని చేయమనే ఒక కాగితం ఇచ్చి మా సిబ్బందిని పంచారు. మనిషి ఒక జిల్లాలో పని చేస్తాడు, పోస్టు ఇంకో జిల్లాలో ఉంటుంది, జీతం మూడో చోట డ్రా అవుతుంది. కొత్త కార్యాలయాలకు డ్రాయింగ్ అధికారి కోడ్లు రావాలి, పోస్టుల మంజూరు రావాలి, పద్దులు తెరవాలి. బట్ట మూటల్లో ఫైళ్లు వ్యాన్లకెక్కిస్తూనే మేము బిల్లులు రాశాం. ఆ రోజుల్లో మాతో పాటు ట్రెజరీ సిబ్బంది రాత్రి పొద్దుపోయేదాకా కూర్చున్నారు. ట్రెజరీ అంటే అభ్యంతరాల చీటీ అని ఉద్యోగులు విసుక్కుంటారు గానీ, ఆ నెలలో వాళ్లు మా కోసం పడ్డ శ్రమ నేను కళ్లారా చూశాను.

2018లో నేను పదవీ విరమణ చేశాను. నా పింఛను కాగితాల్లో 15-6-91 గురించి ఎవరూ ప్రశ్న వేయలేదు. వేయడానికి అక్కడ ఖాళీ లేదు.

ఆ ఏడే కొత్త రాష్ట్రపతి ఉత్తర్వులు వచ్చాయి. ఐదో జోను, ఆరో జోను పోయి ఏడు జోన్లు, రెండు మల్టీ జోన్లు ఏర్పడ్డాయి. వాటి ప్రకారం ఉద్యోగులను కొత్త జిల్లాలకు కేటాయించడానికి 2021 డిసెంబరులో 317 జీవో ఇచ్చారు. సీనియారిటీ ప్రకారం కేటాయింపు జరగడంతో చిన్న వయసువాళ్లు చాలామంది ఇంటికి దూరంగా పడ్డారు. నా మేనకోడలు టీచరు. హనుమకొండలో ఇల్లు, ఇద్దరు పిల్లలు. ఆమెకు ములుగు జిల్లా వచ్చింది. 2022 జనవరిలో వెళ్లి చేరింది.

ఈ రోజుల్లో అంతా కంప్యూటర్‌లోనే గనుక ఎల్.పి.సి. ఇబ్బంది ఉండదని నేను ఆమెకు ధైర్యం చెప్పాను. చూస్తే పాత బడి డ్రాయింగ్ అధికారి తన లాగిన్‌లోంచి ఆమె ఉద్యోగి నంబరు విడుదల చేస్తేనే కొత్త బడి లాగిన్‌లో అది కనిపిస్తుంది. పాత బడి ప్రధానోపాధ్యాయుడికీ అదే కేటాయింపులో వేరే జిల్లా వచ్చింది. ఆయన స్థానంలో ఎవరూ చేరలేదు. మా రోజుల్లో నమూనా సంతకం లేక ఆగిన పని ఇప్పుడు లాగిన్ లేక ఆగింది. జనవరి జీతం లేదు, ఫిబ్రవరి జీతం లేదు. పిల్లల స్కూలు ఫీజుకు గడువు అడగడానికి యాప్‌లో గడి కూడా ఉండదు. ఇంటి అప్పు వాయిదా మాత్రం బ్యాంకు తారీఖు తప్పకుండా కోసింది. ఖాతాలో డబ్బు లేదని దాని మీద జరిమానా కూడా వేసింది. సేటు ఇచ్చిన గడువు ఈ కాలంలో ఎవరిస్తారు?

తరువాత జీతం మొదలైంది, పాత బకాయి కూడా చాలావరకు పడింది. అద్దె భత్యం మాత్రం హనుమకొండలో 17 శాతం ఉన్నది ఆమె కొత్త ఊళ్లో 11 శాతానికి తగ్గింది. పాత బడిలో పని చేసిన జనవరి మొదటి రోజుల జీతానికి కూడా 11 శాతమే లెక్కగట్టారు. ఆ రోజుల్లో ఆమె హనుమకొండలోనే ఉద్యోగం చేసింది, అక్కడి రేటే రావాలి. మొత్తం పెద్దది కాదు. "పోనీ మామయ్యా, ఇంత దానికి ఎవరిని అడుగుతాం" అంది. అడగాలని నేనే పట్టుబట్టాను. మళ్లీ ఎప్పుడో ఆడిట్ వచ్చి అదే నెల లెక్క తిరగేస్తే, ఆమె దగ్గర కాగితం ఉండాలి.

మధ్యలో ఆమెకు పిల్లల జబ్బులు, ఎన్నికల డ్యూటీలు, ఇంకేవో వచ్చి ఆ పని వెనకబడింది. ఇప్పుడు పాత బడికి కొత్త ప్రధానోపాధ్యాయురాలు వచ్చారు. ఫోనులో మాట్లాడితే మర్యాదగా విన్నారు, పాత రికార్డు చూస్తానన్నారు. అద్దె భత్యం తేడా కోసం, ఆ మొత్తం ఇదివరకు డ్రా కాలేదన్న ధ్రువపత్రం కోసం దరఖాస్తు నేనే రాసిచ్చాను. రిలీవింగ్ ఉత్తర్వు, కొత్త చోట చేరిక నివేదిక, ఆ జనవరి హాజరు పట్టీ నకలు, ఆ నెల జీతం బిల్లు వివరాలు వరుసగా గుచ్చి జత చేశాం. సోమవారం ఆమె బడికి సెలవు పెట్టుకుంది. పొద్దున్నే వెళ్లి ఇచ్చి, నకలు మీద అందినట్టు సంతకం, తేదీ తీసుకుని వస్తుంది.